జనరల్ వెంకటగిరియప్ప గారి ఐదో అర్జీ

రెండువేల ఒకటో సంవత్సరం జనవరిలో బొమ్మనహళ్ళి సిగ్నల్ దగ్గర ఇరవై అడుగుల ఫ్లెక్సీ ఒకటి లేచింది. "దేశరక్షణ ముగించి ప్రజారక్షణకు దిగిన మహావీరుడు జనరల్ వెంకటగిరియప్ప గారికి స్వాగతం, సుస్వాగతం" అని దాని మీద తెలుగులోనూ కన్నడంలోనూ రాసి ఉంది. ఆయన ఒక చేత్తో సెల్యూట్ చేస్తూ రెండో చేత్తో తెల్ల పావురాన్ని వదులుతున్నారు. పావురానికి మాత్రం పోవాలని ఉన్నట్టు లేదు.

వెంకటగిరియప్ప గారు సైన్యంలో సుబేదారుగా రిటైరయ్యారు. ఇది ఆయన దాచిన విషయం కాదు, ఎవరూ అడగని విషయం. గుడ్డ బ్యానర్ల కాలంలో, తొంభై నాలుగులో, పెయింటరు ఆయనను కెప్టెన్ చేశాడు. తొంభై ఎనిమిది ఎన్నికల్లో మేజరయ్యారు. ఊళ్ళోకి ఫ్లెక్సీ మిషను వచ్చిన వారమే జనరల్ అయ్యారు. తుపాకీ ముట్టకుండా, రక్తం చిందకుండా ఇంత ఎత్తుకు ఎదిగిన సైనికుడు ప్రపంచ చరిత్రలో మరొకడు ఉన్నట్టు పుష్పావతి చదవలేదు. ఆమె చదివింది చరిత్రే.

పుష్పావతి జనరల్ గారికి ప్రసంగాలు రాసి పెట్టేది. హోసూరు రోడ్డు మీద ఒక గార్మెంట్స్ ఫ్యాక్టరీ ఉంది, దాని వెనక మూడెకరాల సర్కారు భూమిలో నలభై రెండు ఇళ్ళ వీధి ఉంది. ఆ వీధిలో మొదటి గ్రాడ్యుయేటు ఆమె. తల్లి కదిరమ్మ చింతామణి పక్కనుంచి వచ్చి, ఆ ఫ్యాక్టరీలోనే చొక్కాలకు దారాలు కత్తిరిస్తూ కూతుర్ని బీఏ చదివించింది. ఆ వీధికి ఒక్కటే కోరిక, హక్కుపత్రం. అది లేనిదే ఏ ఉదయమైనా జేసీబీ వచ్చి నిలబడవచ్చు. పుష్పావతి తొమ్మిదో తరగతి నుంచి ఏటా ఒక అర్జీ రాస్తూ వచ్చింది. ఎనిమిదో అర్జీ తెచ్చి ఇచ్చినప్పుడు జనరల్ గారు దాన్ని వెలుగుకు ఎత్తి చూశారు.

"ఏమి అక్షరాలమ్మా ఇవి! ముత్యాలు. నువ్వు మా ఆఫీసులో చేరిపో. నీ వీధి నాది అనుకో. ఏడాదిలో నలభై రెండు పత్రాలూ నీ చేతిలో పెడతా."

'నీ వీధి నాది' అన్న మాటకు పుష్పావతి కళ్ళు చెమర్చాయి.

ఫ్లెక్సీ లేచిన మూడో రోజున పీఏ గురుమూర్తి చేతిలో టేపుతో ఆఫీసులోకి పరిగెత్తుకొచ్చాడు.

"సార్, కొంప మునిగింది. ఫ్లెక్సీలో మీ ముఖం, పక్కనుండే పెద్దాయన ముఖంకన్నా ఆరంగుళాలు ఎక్కువుండాది."

పెద్దాయన మంత్రి కాడు, ఎమ్మెల్యే కాడు, ఏమీ కాడు. ఎవరు మంత్రో, ఎవరు ఎమ్మెల్యేనో, ఎవరు ఏమీ కాదో చెప్పేది ఆయన. సర్కారు భూములు పంచే సమితిలో సంతకమూ ఆయనదే. పార్టీలో ఎవరికైనా చప్పట్లు కొంచెం ఎక్కువ పడితే ఆయనకు నిద్ర పట్టేది కాదు. అట్లా చప్పట్లు పడిన ఇద్దరిలో ఒకాయన అప్పటికే అండమాన్‌లో పార్టీ పరిశీలకుడు. రెండో ఆయన ఎక్కడున్నాడో ఆయన భార్యకే సరిగ్గా తెలీదు.

జనరల్ గారు సైనికుడు కాబట్టి భయపడలేదు, కూర్చున్నారు. "ఆదివారం పార్టీ శిక్షణా శిబిరం ఉండాది. పెద్దాయన ముందర నేను మాట్లాడల్ల. నా విశ్వాసం తెలియల్ల. ఒక గొప్ప సేనాపతి కథ రాయి పుష్పా. మన దేశంవాడు వద్దు, ఏదో ఒక కులంవాళ్ళు వచ్చి మావాడంటారు. చైనావాడైతే సుమ్నే నోరు మూసుకొని ఉంటారు."

పుష్పావతి అవెన్యూ రోడ్డు ఫుట్‌పాత్ మీద అట్ట ఊడిన ఇంగ్లీషు పుస్తకం ఒకటి కొని, రెండు రోజులు డిక్షనరీ పక్కన పెట్టుకుని చదివింది. అందులో షాంగ్ వెయ్ అనే సేనాపతి ఆమెకు దొరికాడు.

షాంగ్ వెయ్ గుర్రాలకు గడ్డి వేసేవాడి కొడుకు. వాళ్ళ వంశంలో అక్షరం వచ్చినవాడు అతనే మొదట. ఈ వాక్యం దగ్గర పుష్పావతి కాసేపు ఆగింది. విల్లు పట్టి, ఉత్తరపు సరిహద్దులో పదకొండు యుద్ధాలు గెలిచాడు. అక్కడ సైన్యాన్ని కదిలించాలంటే కంచుతో చేసిన పులిబొమ్మ కావాలి. సగం బొమ్మ చక్రవర్తి దగ్గర, సగం సేనాపతి దగ్గర. రెండు సగాలూ కలిస్తేనే సైన్యం లేస్తుంది. ఆఖరి యుద్ధానికి చక్రవర్తి దేశంలో ఉన్న సైన్యమంతా అతని చేతికిచ్చి సాగనంపాడు. షాంగ్ వెయ్ కోటగుమ్మం దాటుతూ, నాకు రెండు పొలాలు కావాలని అర్జీ పంపాడు. నది దాటుతూ చేపల చెరువు కావాలని పంపాడు. సరిహద్దు చేరేలోపల ఐదు అర్జీలు వెళ్ళాయి. "ఇంత కక్కుర్తి ఏమిటి ప్రభూ?" అని పక్కనున్న దళపతి సిగ్గుపడ్డాడు. "పిచ్చివాడా, సైన్యమంతా నా గుప్పిట్లో ఉంది. నేనేమీ అడక్కపోతే ఆయన సింహాసనమే నా మనసులో ఉందనుకుంటాడు. పొలాలడిగేవాడు పొలాలతో ఆగుతాడని నిద్రపోతాడు" అన్నాడు షాంగ్ వెయ్.

ఇదంతా మూడు పేజీల్లో వచ్చింది. గెలిచి వచ్చి, పులిబొమ్మ తిరిగిచ్చి, మహామంత్రి అయి, అర్జీలతో వచ్చిన పొలాలన్నీ చచ్చిపోయిన సైనికుల పెళ్ళాలకు రాసిచ్చి, కాలువలు తవ్వించి, ఇరవై ఏళ్ళు పాతగొడుగు కిందే కొలువుకు నడిచి వెళ్ళిన సంగతి నాలుగో పేజీలో ఉంది. కాలేజీలో నేర్పిన పద్ధతి అది. పీఠిక, విషయం, చివర నీతి. పదిమార్కుల ప్రశ్నకు నీతి ఎప్పుడూ ఆఖరి పేజీలోనే ఉంటుంది.

జనరల్ గారు మూడో పేజీ దాకా నిలబడి చదివారు. తరువాత కూర్చున్నారు.

"గురుమూర్తీ, ఇది ప్రసంగం కాదప్పా. ఇది ఆర్డరు."

"సార్, నాలుగో పేజీ ఉంది," అంది పుష్పావతి.

"నాలుగో పేజీ ఎవరు చదవతారమ్మా? బండి తీయమను."

సదాశివనగర్‌లో పెద్దాయన ఉయ్యాలబల్ల మీద కూర్చుని ఉన్నారు. పక్కన టీపాయ్ మీద ఆ ఫ్లెక్సీ ఫొటో, దాని మీద ఒక స్కేలు ఉన్నాయి. జనరల్ గారిని కూర్చోమనలేదు.

"ఏమప్పా వెంకటగిరియప్పా, ముఖం బాగా పెరిగిండాది?"

"అణ్ణా, నాకు చెరువు పక్కన రెండెకరాలు కావల్ల."

పెద్దాయన స్కేలు కింద పెట్టారు. "ఏమంటివి?"

"రెండెకరాలణ్ణా. కుదిరితే మూడు. నాకు వేరే ఏ కోరికా లేదు. పార్టీ వద్దు, పదవి వద్దు. భూమి చాలు."

ఉయ్యాల ఆగింది. పెద్దాయన కండువాతో కళ్ళు ఒత్తుకున్నారు.

"నువ్వింతేనా వెంకటగిరీ? అయ్యో, నేనేమేమో అనుకొంటినే నిన్ను! ఈ పార్టీలో నన్ను మనిషిగా చూసి ఒక్కడైనా ఇదీ కావల్లని అడిగినాడా? అందరూ ప్రజాసేవ అంటారు. వింటే గుండె దడదడమంటుంది." సంతకం అక్కడికక్కడే అయింది. జిల్లా అధ్యక్షుడి పదవి భూమితోపాటు, అడక్కుండానే వచ్చింది.

ఆ తరువాత పదహారు నెలలు జనరల్ గారి జీవితం చరిత్ర పుస్తకంలా సాగింది. పెట్రోలు బంకుకు స్థలం అడిగి ఒక సర్కారు కార్పొరేషన్‌కు అధ్యక్షులయ్యారు. ఆనేకల్ వైపు మామిడితోట అడిగి ఎమ్మెల్సీ అయ్యారు. వైట్‌ఫీల్డ్‌లో స్కూలు ట్రస్టుకు ఎకరం అడిగారు. ట్రస్టు ఇంకా పుట్టలేదు. సహాయమంత్రి పదవి మాత్రం ఆ గురువారమే పుట్టింది. కొత్త ఫ్లెక్సీల మీద 'జనరల్' పక్కన 'రాజనీతిజ్ఞుడు' చేరింది. పెద్దాయన ముఖం ఆరంగుళాలు పెరిగింది.

రహస్యం పార్టీలో దాగదు. మొదటి అర్జీకి నెల తిరిగేసరికే సదాశివనగర్‌లో పెద్దాయన బంగళా ముందు అర్జీలకు వేరే కౌంటరు పెట్టాల్సి వచ్చింది. ఎంత ఎక్కువ అడిగితే అంత విశ్వాసం. ఏమీ అడగనివాళ్ళ పేర్లు మరో పుస్తకంలో ఎక్కాయి. ఖద్దరు చొక్కా తప్ప జన్మలో ఏమీ ఎరగని ఓబళప్ప అనే ముసలాయనకు క్రమశిక్షణా సంఘం నోటీసు పంపింది. 'తాము ముప్పై ఏళ్ళుగా పార్టీని ఏమీ అడగలేదని తెలియవచ్చింది. తమ ఉద్దేశమేమిటో ఏడు రోజుల్లోగా తెలియజేయవలెను.' ఓబళప్ప ఆరు రోజులు ఏడ్చి, ఏడో రోజున ఒక సినిమా థియేటరు అడిగారు. ఆయన మీద చర్య విరమించుకున్నారు.

ఏడాది దాటి నాలుగు నెలలైందని పుష్పావతి మర్యాదగా గుర్తుచేసింది. జనరల్ గారు మాటమీద నిలబడే మనిషి. ఆమెను, ఆమె తొమ్మిదో అర్జీని వెంటబెట్టుకుని పెద్దాయన దగ్గరికి వెళ్ళారు.

పెద్దాయన అర్జీని రెండుసార్లు చదివారు. "ఏమ్మా, ఈ జాగాలో ఎవరుండారు?"

"మేమే సార్. ఇరవై రెండేళ్ళుగా."

"అంటే మీరుండే జాగా మీకే కావల్లంటారు."

"అవును సార్."

పెద్దాయన కాగితాన్ని వేడి గిన్నెలా పట్టుకుని జనరల్ గారి చేతిలో పెట్టారు. "వెంకటగిరీ, వీళ్ళను కొంచెం చూసుకోప్పా. తమది తాము అడుగుతాండారు. ఇంకొకరిది అడిగేవాడికి ఇస్తే కాళ్ళదగ్గర పడుంటాడు. తమది అడిగేవాళ్ళకి ఇస్తే 'మాది మాకొచ్చింది' అని ఇంటికి పోతారు. రేపు నీళ్ళడుగుతారు. ఎల్లుండి ఓటు ఎందుకెయ్యల్లని అడుగుతారు. ఇది ఆశ కాదు, రాజకీయం."

పుష్పావతి ఈ మాటలు కూడా అలవాటు కొద్దీ నోటుబుక్కులో రాసుకుంది.

ఆ నెలలోనే జనరల్ గారికి ఒక సభలో పెద్దాయనకన్నా ఎక్కువసేపు చప్పట్లు పడ్డాయి. ఆయన వద్దు వద్దని చేతులూపారు. దాంతో ఇంకా ఎక్కువయ్యాయి. విశ్వాసం వెంటనే నిరూపించుకోవాల్సి వచ్చింది. గురుమూర్తి మ్యాపు పరిచి వేలు అటూ ఇటూ నడిపాడు. పార్టీలో అందరూ విశ్వాసపాత్రులే కావడంతో ఊరిచుట్టూ ఖాళీ మిగల్లేదు.

"సార్, ఒకటే ఉండాది. గార్మెంట్స్ వెనక మూడెకరాలు."

జనరల్ గారు పుష్పావతి వైపు చూసి, గొంతులో నిజమైన బాధతో అన్నారు: "ఐదో అర్జీ టైపు చేయమ్మా. నీ సేనాపతి ఐదు పంపలేదా? నువ్వు రాసిందే కదా. చరిత్రను మనం మార్చగలమా?"

"సార్, అందులో నలభై రెండు ఇళ్ళున్నాయి. మా ఇల్లుంది."

"నీ వీధి నాది అని ఆరోజే చెప్పినా కదమ్మా."

పుష్పావతి టైపు చేసింది. ఒక్క తప్పు లేకుండా చేసింది. ఉద్యోగం ఉద్యోగమే. సర్వే నంబరు దగ్గర మాత్రం వేళ్ళు ఆగాయి. అది ఆమెకు చూడకుండా వచ్చే నంబరు.

ఆ సాయంత్రం వీధికొళాయి దగ్గర కదిరమ్మ బిందె నింపుతోంది. వెనక వరుసలో జయమ్మ, ఆటో నడిపే మునినారాయణప్ప నిలబడి ఉన్నారు. పుష్పావతి ఏమీ దాచకుండా చెప్పింది. బిందె పొర్లిపోతున్నా ఎవరూ చూడలేదు.

"నువ్వే కొట్టినావా ఆ కాగితం?" అంది కదిరమ్మ.

"ఆయన జీతం తింటున్నామమ్మా."

"ఆయన మన ఇల్లు తింటాండాడు. సరే పో. మన అర్జీ ఎందుకు వద్దన్నాడు ఆ పెద్దాయన? ఉండేదున్నట్టు చెప్పు."

"మనది మనం అడిగామని. ఇంకొకరిది అడిగితేనే విశ్వాసమట."

"ఇంకొకరిదంటే? ఎవరిదైనా పర్వాలేదా?"

"ఎవరిదైనా."

కదిరమ్మ కొళాయి కట్టేసి, కొంగుతో చేతులు తుడుచుకుంది. "మీ జనరల్ ఇల్లు కోరమంగలలో కదా? ఎంత ఉంటాది?"

"అరవై బై ఎనభై. సర్కారిచ్చిన సైటే, దాని మీద మేడ. అమ్మా, అట్లా అడగకూడదు!"

"ఎందుకడగకూడదు? ఆయనకు ఆశ ఉండొచ్చు, మనకు విశ్వాసం ఉండకూడదా?" అన్నాడు మునినారాయణప్ప. "రాయి తల్లీ. చదివించింది ఎందుకు మరి?"

పుష్పావతి రాసింది. కోరమంగలలో ఫలానా సైటు, దాని మీద మేడ, ముందర రెండు కొబ్బరిచెట్లు, ఒక ఆల్సేషన్ కుక్క. కుక్కను జయమ్మ చేర్పించింది. తమ వీధి ప్రస్తావన ఒక్క అక్షరం లేకుండా చూసుకున్నారు. కింద నలభై రెండు సంతకాలు, వేలిముద్రలు పడ్డాయి.

మర్నాడు మూడు ఆటోల్లో వెళ్ళి కౌంటరులో నిలబడ్డారు. పెద్దాయన చదువుతూ చదువుతూ లేచి నిలబడ్డారు.

"నలభై రెండు కుటుంబాలు! వీళ్ళల్లో ఒక్కరైనా తమది తాము అడిగినారా చూడండప్పా! కడుపు నిండిపోయింది నాకు." జనరల్ గారికి పడిన చప్పట్లు ఆయన చెవుల్లో ఇంకా మోగుతున్న సంగతి ఆయన పైకి అనలేదు. ఆ పూట జనరల్ గారి ఐదో అర్జీ మీద, వీధివాళ్ళ కొత్త అర్జీ మీద ఒకే పెన్నుతో సంతకం చేశారు.

శుక్రవారం ఉదయం జనరల్ గారి ఎర్రలైటు కారు వీధి మొదట్లో ఆగింది. లోపలికి పట్టదు కనుక ఆయన నడిచి వచ్చారు. కదిరమ్మ ప్లాస్టిక్ కుర్చీ తుడిచి వేసింది.

"ఏమి కదిరమ్మా ఇది? మా ఇంట్లో ఆడవాళ్ళు కొబ్బరిచెట్టు పట్టుకుని ఏడస్తాండారు. మీరు వాపసు తీసుకోండి. నేనూ వాపసు తీసుకుంటా."

"అయ్యో, ఎట్ల సార్?" అంది కదిరమ్మ, నిజంగా భయపడి. "ఇచ్చింది వద్దంటే మాకేదో పెద్ద పదవి మీద కన్నుండాదని పెద్దాయన అనుకోడా? మీరు మంత్రులు, మీరైనా వద్దనగలరా?"

జనరల్ గారు వెంట వచ్చిన గురుమూర్తి వైపు చూశారు. వద్దనలేరు. పార్టీలో వచ్చింది వద్దన్నవాడు ఇంతవరకూ లేడు. ఉంటే ఏమయ్యేవాడో ఊహించడానికి గురుమూర్తికి కూడా ధైర్యం చాలలేదు.

చివరికి దారి చూపింది మునినారాయణప్పే. "వాపసు మాట వదిలేద్దాం సార్. రిజిస్ట్రారు ఆఫీసులో అదలుబదలు పత్రం చేసుకుందాం. మీకొచ్చిన మా వీధి మాకియ్యండి, మాకొచ్చిన మీ ఇల్లు మీరు తీసుకోండి. ఎవరూ వద్దన్నట్టు కాదు."

"కుక్క?" అన్నారు జనరల్ గారు.

"కుక్కను కూడా," అంది జయమ్మ, కొంచెం అయిష్టంగా.

సోమవారం మధ్యాహ్నం రిజిస్ట్రేషన్ అయింది. పుష్పావతి నలభై రెండు భాగాల వివరాలు ఒక్కొక్కటీ సరిచూసి రాసింది. సీలు పడిన కాగితం కదిరమ్మ చేతికిస్తే, ఆమె దాన్ని కూతురికే తిరిగిచ్చి, "నా పేరు యాడుండాదో చదువు" అంది. చదివింది. "ఇంకోసారి" అంది. ఇంకోసారి చదివింది. మూడోసారి అడగలేదు. రోడ్డు దాటేటప్పుడు మాత్రం కూతురి చెయ్యి పట్టుకుంది. ఇరవై రెండేళ్ళుగా హోసూరు రోడ్డు ఒంటరిగా దాటుతున్న మనిషి ఆమె.

వార్త సదాశివనగర్ చేరడానికి రెండు రోజులు పట్టింది. జనరల్ వెంకటగిరియప్ప గారు మూడెకరాలు వదులుకుని మరీ తన సొంత ఇల్లు తాను సంపాదించుకున్నారని విని పెద్దాయన ఉయ్యాల ఆపేశారు. "తనది తానే కావల్లన్నాడా? వెంకటగిరేనా?" అని మాత్రం అన్నారు. ఆ వారంలోనే తాను సహాయమంత్రి పదవికి రాజీనామా చేసినట్టు జనరల్ గారికి తెలిసింది. ఈశాన్య రాష్ట్రాల పార్టీ పరిశీలకుడిగా విమానం ఎక్కేటప్పుడు ఆయన నిటారుగా నడిచారు. పక్కన గురుమూర్తి లేడు. అతను అప్పటికే కౌంటరు వరుసలో నిలబడి ఉన్నాడు.

వీధిలో సున్నాలు వేసుకున్నారు. మునినారాయణప్ప గోడ ఒక అడుగు ముందుకు జరపాలా వద్దా అని ఆలోచించసాగాడు. ఆ శనివారం పోస్టుమ్యాన్ నలభై రెండు కవర్లు తెచ్చాడు. అన్నిట్లోనూ ఒకటే నోటీసు. పుష్పావతి కొళాయి దగ్గర నిలబడి అందరికీ చదివి వినిపించింది.

'తమది తాము సంపాదించుకున్నట్టు తెలియవచ్చింది. తమ ఉద్దేశమేమిటో ఏడు రోజుల్లోగా తెలియజేయవలెను. లేనిచో మంజూరైనవన్నీ పునఃపరిశీలింపబడును.'

జయమ్మ తన ఇంటి కొత్త సున్నం వైపు చూసింది.

"దారి తెలిసిందే కదా. ఏడు రోజుల్లోపల ఇంకొకరిది ఏదో ఒకటి అడిగేద్దాం. విశ్వాసం చూపిద్దాం," అన్నాడు మునినారాయణప్ప. "బంకా, థియేటరా?"

"థియేటరు ఓబళప్పకిచ్చేసినారు," అంది జయమ్మ.

పుష్పావతి పెన్ను తీసింది. "ఎవరిది అడగమంటావమ్మా?"

కదిరమ్మ కవరును నాలుగు మడతలు పెట్టి, రవికెలో దోపుకుని, బిందె నడుముకెత్తుకుంది.

"ఆ పెద్దాయన ఉయ్యాల ఏ సర్వే నంబరులో ఉండాదో కనుక్కోని రాపో," అంది.